తట్టలో రెండేళ్లు

ఇది ఒక మహాగాథ. ఇందులో రెండు చందమామలున్న లోకం ఉంది. వెయ్యి మెట్ల మీద కట్టిన నగరం ఉంది. కాలాన్ని తలకెత్తుకుని మోసే ఒక జాతి, ఆ జాతి కోసం జరిగిన మూడు యుద్ధాలు ఉన్నాయి. కాలం ఎలా కదులుతుందో, దాన్ని ఎవరు కదపగలరో చెప్పే శాస్త్రం ఉంది.

ఇలా మొదలుపెడితే బాగుంటుందని చాలా రోజులుగా అనుకుంటున్నాను. కానీ ఉన్న సంగతి చెప్పాలి. నా దగ్గర ఉన్నది రెండువందల పేజీల లాంగ్ నోట్‌బుక్ ఒకటి. ముందు నుంచి తిప్పితే అరిథ్‌మెటిక్ రఫ్ వర్క్, వెనక నుంచి తిప్పితే ఆ లోకం. రెండూ మధ్యలో ఒకచోట, రైళ్ల వేగం లెక్క దగ్గర, ఢీకొని ఆగిపోతాయి. మూడు యుద్ధాల్లో రెండిటికి పేజీలు చాలలేదు. మూడోది చిక్కడపల్లి లైబ్రరీలో ఫ్యాన్ కింది కుర్చీ కోసం జరిగింది. అందులో నేనున్నాను. ఓడిపోయాను.

మాది నారాయణగూడలో సొంత ఇల్లు. నాకొక గది, ఆ గదికొక తలుపు, తలుపుకు లోపల గడియ ఉన్నాయి. అయినా రోజూ లైబ్రరీకి పోయేవాణ్ని. ఇంట్లో కూర్చుంటే ఖాళీగా ఉన్నాడంటారు, లైబ్రరీలో కూర్చుంటే ప్రిపేర్ అవుతున్నాడంటారు. చేసే పని ఒకటే. డిగ్రీ అయ్యాక మూడేళ్లు ఆ తేడా మీదే బతికాను.

అక్కడ చదువుకునేవాళ్లకు ఒక పద్ధతి ఉంది. పొద్దున్నే గేటు బయట వరసలో నిలబడి, తలుపు తీయగానే లోపలికి పరుగెత్తి, కుర్చీ మీద ఏదో ఒక వస్తువు పెట్టాలి. నీళ్ల సీసా, దస్తీ, అట్ట ఊడిన బిట్ బ్యాంక్, ఏదైనా సరే. ఆ తర్వాత టిఫిన్‌కు పోవచ్చు, స్నానానికి పోవచ్చు, మళ్లీ పడుకోవడానికి కూడా పోవచ్చు. వస్తువు ఉన్నంతసేపూ మనిషి ఉన్నట్టే. ఒకతను హెల్మెట్ పెట్టేవాడు. అతనికి బండి లేదు.

నేను పదింటికి పోయేవాణ్ని కాబట్టి నాకు ఈ పద్ధతి మీద గౌరవం లేదు. ఒకరోజు ఫ్యాన్ కింది కుర్చీ మీదున్న సీసా తీసి నేల మీద పెట్టి కూర్చున్నాను. కాసేపటికి సీసా మనిషి వచ్చాడు. పొడుగ్గా, సన్నగా ఉన్నాడు. పొద్దున పరుగుకు పోయిన బురద బూట్ల మీద అలాగే ఉంది. కోప్పడలేదు.

"జర లే తమ్మి. నువ్వు నా గంటన్నర మీద కూసున్నవ్."

లేచాను. నన్ను కుర్చీల్లోంచి లేపినవాళ్లు చాలామంది ఉన్నారు, కారణం ఇంత శాస్త్రీయంగా చెప్పినవాడు అతనొక్కడే. మర్నాడు పదింటికి పోతే పక్క కుర్చీ మీద నాకోసం రెండో సీసా ఉంది.

అతన్ని అన్నా అని పిలిచేవాణ్ని. అశోక్ నగర్‌లో టీ కొట్టు దగ్గర మనకంటే ముందు గ్లాసు అందుకున్న ప్రతివాడూ అన్నే, కాబట్టి దాన్ని పెద్ద సంబంధంగా లెక్కేయకండి. పాలమూరు దిక్కు మనిషి. అశోక్ నగర్ హాస్టల్లో ఆరుగురుండే గదిలో తలుపు పక్క మంచం అతనిది. ఎస్సై పోస్టు కోసం చదువుతున్నాడు. పోయినసారి రాత పరీక్ష దాటాడు, పరుగు దాటాడు, చివరికి మూడు మార్కుల దగ్గర ఆగిపోయాడు. ఇక మిగిలింది ఒక్కసారే అని ఒకరోజు మామూలుగా, టీలో చక్కెర తక్కువైందని చెప్పినట్టు చెప్పాడు. ఒక్కసారే ఎందుకని నేను అడగలేదు. అడిగితే సీరియస్‌గా వినాల్సి వస్తుంది.

సీసా కూర్చున్న గంటన్నర ఎవరిది అన్న ప్రశ్న నుంచి ఆ లోకం పుట్టింది. సీసాదే అన్నాను నేను. అన్న కాదన్నాడు, తాను లేని చోట కూడా తన కాలం ఉండగలదన్నాడు. మన లోకంలో అది కుదరదు కాబట్టి వేరే లోకం కావలసి వచ్చింది. దానికి పేరు పెట్టలేదు. పెడితే ఎవరో ఒకరు దాని రాజధాని ఏదని అడుగుతారు. రెండు చందమామల్లో ఒకటి పనిచేస్తుంది, ఇంకొకటి దీర్ఘకాలిక సెలవులో ఉంది.

ఆ లోకంలో కాలం పారదు. ఇసుకలా గుట్టలుగా పడి ఉంటుంది. పుట్టిన ప్రతి మనిషికీ ముందొక గుట్ట, వెనకొక గుట్ట. ముందు గుట్టలోంచి రోజూ కొంత వెనక గుట్టలోకి జారుతుంది. బతకడమంటే అంతే. అయితే కొందరున్నారు, వాళ్లు తల మీద బట్ట చుట్ట పెట్టుకుని, తట్టతో కాలాన్ని ఎత్తి ఇంకోచోట పోయగలరు. ఎవరి కాలాన్ని వాళ్లు మోసుకోలేరు, ఇంకొకరే మోయాలి. ఇది మొదటి సూత్రం. ముందు గుట్టలోంచి వెనక్కి ఎన్ని తట్టలైనా వేయొచ్చు, వెనక నుంచి ముందుకు ఎత్తబోతే మాత్రం తట్ట ఖాళీగా పైకి వస్తుంది. ఇది రెండోది. ఇక మోసేటప్పుడు దారిలో కొంత ఒలుకుతుంది. ఒలికిన చోట కాలం లోతుగా ఉంటుంది, అక్కడ కాలు పెట్టినవాడికి ఐదు నిమిషాలు ఒక పూటంత పొడుగు. నారాయణగూడ బస్ స్టాప్‌ను ఈ మూడో సూత్రం చక్కగా వివరిస్తుంది.

ఇదంతా అన్న కథలా రాయలేదు. ఏళ్ల తరబడి లోకాన్ని బిట్లుగానే చదివినవాళ్లం, మాకు ఇంకో రకంగా రాయడం రాదు. కింది వాక్యాల్లో సరైనవి గుర్తించండి: ఒకటి, తట్ట దించిన చోటే కాలం నిలుస్తుంది, రెండు, మోసినవారికి అందులో వాటా లేదు. కింద నాలుగు ఆప్షన్లు. వెయ్యి మెట్ల నగరం పతనాన్ని 'జతపరచండి'లో రాశాడు. ఎడమ వైపు రాజులు, కుడి వైపు వాళ్లు పోయిన కారణాలు. అన్న బిట్లు రాసేవాడు, నేను జవాబులు పెట్టేవాణ్ని, అన్న ప్రాథమిక కీ విడుదల చేసేవాడు, నేను కీ మీద అభ్యంతరాలు పెట్టేవాణ్ని. అసలు సిలబస్ మీద నేనెప్పుడూ అంత శ్రద్ధ చూపించలేదు.

అన్న గదిలో ఒకతను ఆ పేజీలు చూసి, ఏ పబ్లికేషన్ వాళ్లవని అడిగాడు. అన్న పరాకుగా కొత్తవాళ్లవి అన్నాడు. అతను రెండు పేజీలు జిరాక్స్ తీయించుకున్నాడు. వారం తిరిగేసరికి టీ కొట్టు దగ్గర ముక్కూముఖం తెలియని ఒకడు నన్ను ఆపి, ఈ కాలం మోసే సూత్రాలు భౌతికశాస్త్రం కింద వస్తాయా, తత్వశాస్త్రం కింద వస్తాయా అని అడిగాడు. రెండిటి కిందా వస్తాయి, మూడు మార్కులు గ్యారంటీ అన్నాను. అతను రాసుకున్నాడు.

నా పెద్ద అభ్యంతరం రెండో సూత్రం మీద. ఇటు నుంచి అటు పోయింది అటు నుంచి ఇటు ఎందుకు రాదు, ఇసుకే కదా అన్నాను. ప్రూఫ్ అడిగాను. ప్రూఫ్ ఉంది, ఒక ఆదివారం చూపిస్తానన్నాడు.

ఆ ఆదివారం నన్ను బాగ్ లింగంపల్లి అవతల ఒక బస్తీకి తీసుకుపోయాడు. ఒక్కటే గది, కిరాయిది. వాళ్లమ్మ జొన్నరొట్టెలు చేస్తోంది. ఆమెను చూడగానే గుర్తుపట్టాను, ఆమె కూడా నన్ను గుర్తుపట్టింది. మా గల్లీ చివర అపార్ట్‌మెంట్ లేస్తోంది. అక్కడ ఇసుక మోసేవాళ్లలో ఆమె ఒకతె. ఇసుక మా గేటు దాకా వస్తోందని మా ఇంట్లో రోజూ గొణుగుడు. ఒకసారి నేనే పోయి, కొంచెం అవతలగా పోసుకోమని ఆమెకే చెప్పాను. ఆమె ఆ మాట ఎత్తలేదు. నా పళ్లెంలో మూడో రొట్టె వేసింది.

తింటుండగా కొడుకు చదువు సంగతి తనే చెప్పింది. భర్త బతికున్న రోజుల్లో ఇద్దరూ పూనా పనికి పోయేవారట. పిల్లవాణ్ని వెంట తీసుకుపోతే సైటు మీద ఎండలో, తేళ్ల మధ్య పడుకోబెట్టాలి. ఊళ్లో అవ్వ దగ్గర వదిలి బడిలో వేస్తే నీడ ఉంటుంది, మధ్యాహ్నం అన్నం ఉంటుంది. బడిలో చేర్చుకోవాలంటే ఐదేళ్లు నిండాలన్నారు. వీడికి మూడేళ్లు దాటి కొన్ని నెలలే. పుట్టిన తేదీ రాసిన కాగితాలు ఆ ఊళ్లో ఎవరికీ లేవు, కాబట్టి సారు అందరికీ పెట్టే పరీక్షే పెట్టాడు. కుడిచెయ్యి తల మీది నుంచి పోనిచ్చి ఎడమ చెవి ముట్టుకోవాలి. అందితే ఐదేళ్లు నిండినట్టు.

"చెయ్యి పోలే," అందామె. "నేను ఎన్కకెల్లి తలకాయ జర వంచిన. అందింది."

సారు చూడలేదా అని అడిగాను.

"చూసిండు. చూసి రాసుకున్నడు."

చెప్పి నవ్వింది. వాళ్ల వాడకట్టులో ఆ ఈడు పిల్లలందరికంటే ముందు పదో తరగతి పాసైంది తన కొడుకేనట. వాడికి పొలం ఇవ్వలేదు, ఇల్లు ఇవ్వలేదు, రెండేళ్లు మాత్రం ముందుకు తోశానంది. అన్న పళ్లెంలోంచి తల ఎత్తలేదు.

తిరిగి వచ్చేటప్పుడు చాలా దూరం నడిచాక అన్నాడు.

"ప్రూఫ్ అడిగినవ్ గద, తమ్మి. నీకు రొట్టెలేసింది ఎవరనుకున్నవ్."

అప్పుడు మిగతాది చెప్పాడు. పదో తరగతి సర్టిఫికెట్‌లో ఆ సారు రాసిన తేదీయే ఎక్కింది. జూన్ నెల తేదీ. బడులు తెరిచే నెల కాబట్టి ఆ ఊరి పిల్లలు సగం మంది జూన్‌లోనే పుట్టారు. యూనిఫాం పోస్టులకు వయసు పరిమితి ఉంటుంది. సర్టిఫికెట్ ప్రకారం వచ్చే జూన్ దాటితే అన్నకు ఏజ్ బార్. నోటిఫికేషన్ ఆ లోపు వస్తే ఒక్క అవకాశం, దాటి వస్తే అదీ లేదు. అసలు వయసు లెక్కన ఇంకా దాదాపు రెండేళ్లుంది. ఆ రెండేళ్లు ఎక్కడికీ పోలేదు. వెనక గుట్టలో ఉన్నాయి.

నేను ఏదో ఒకటి అనాలి కాబట్టి, రొట్టె బాగుందన్నాను.

తర్వాత నెలలన్నీ ఎదురుచూపులే. నోటిఫికేషన్ ఈ వారమే అన్నారు, పండగ తర్వాత అన్నారు, ఫైలు మీద ఒక్క సంతకం మిగిలిందన్నారు. ప్రతి టీ కొట్టు దగ్గరా, ఆ సంతకం పెట్టే మనిషికి బావమరిది వరసయ్యేవాడు ఒకడు తయారయ్యాడు. అశోక్ నగర్ అంతా ఒలికిన కాలంలో మోకాళ్ల లోతున నిలబడి చాయ్ తాగింది. మూడో సూత్రానికి ప్రూఫ్ ఎవరూ అడగలేదు. అన్న మాత్రం రోజూ పరుగుకు పోయి, రెండు కుర్చీల మీద రెండు సీసాలు పెట్టేవాడు. జూన్ వచ్చింది. వర్షాలు వచ్చాయి. తర్వాత నోటిఫికేషన్ వచ్చింది.

అన్న వయసు నలభై ఒక్క రోజులు ఎక్కువైంది. ఉన్న సడలింపులన్నీ కలిపాక వచ్చిన లెక్క అది. ఇద్దరం మూడుసార్లు వేశాం. నాలుగోసారి నేనొక్కణ్నే వేశాను. అరిథ్‌మెటిక్‌లో నేను వీక్ కాబట్టి ఎక్కడో తప్పు చేసి ఉంటానని ఆశ. అన్ని మాక్ టెస్టుల్లో తప్పు చేసినవాణ్ని, ఆ ఒక్క లెక్క కరెక్టుగా చేశాను.

నారాయణగూడలో జిరాక్స్ షాపు పైన మా నాన్నకు తెలిసిన వకీలు ఒకాయన ఉన్నాడు. అన్నను అక్కడికి లాక్కుపోయాను. ఆయన సర్టిఫికెట్‌ను వెలుగుకు పట్టి చూశాడు. ఇన్నేళ్ల తర్వాత తేదీ మార్పించడం చాలా కష్టమని, కానీ కోర్టులో ఒకసారి అడిగి చూడొచ్చని అన్నాడు. కాగితం సాక్ష్యం లేదు కాబట్టి తల్లే సాక్ష్యం. బడిలో తప్పు వయసు చెప్పానని, దానివల్లే కొడుకు నష్టపోతున్నాడని ఆమె వేలిముద్ర వేసి చెప్పాలి. పని అవుతుందా అని అడిగితే, కాదని చెప్పలేను, అవుతుందనీ చెప్పలేను అన్నాడు.

ఆదివారం పోయి అమ్మతో మాట్లాడదామని మెట్లు దిగుతూ అన్నాను. అన్న మెట్టు మీదే ఆగాడు.

"నాకు జేసింది అదొక్కటే అనుకుంటది అమ్మ. అది కూడ గుంజుకొమ్మంటవా, తమ్మి?"

ఆమెకు ఏమీ చెప్పనని నాతో ఒట్టు వేయించుకున్నాడు. వేశాను. ఒట్లు వేయడంలో నాకెప్పుడూ ఇబ్బంది లేదు.

నాలుగో రోజు పొద్దున గల్లీ చివర ఆమె ఎదురైంది. తల మీద నిండు తట్ట. మా వాడు ఫారం నింపిండా అని అడిగింది. నింపాడు అంటే అయిపోయేది. ఏ సంగతినైనా జోకు చేసి పక్కన పారేసే మనిషిని నేను. ఎవరైనా పోయిన ఇంటికి వెళ్లినా నా నోటికి ముందు జోకే వస్తుంది. ఇదీ అలాగే, ఆలోచించేలోపే వచ్చేసింది.

"యాడ నింపుతడమ్మా. నువ్వు వంచిన తల ఇంకా లెవ్వలే."

నవ్వుతుందనుకున్నాను. ఆమె నిలబడిపోయింది. మెడ కదిలితే తట్ట కదులుతుంది, అందుకని కళ్లు మాత్రం నా వైపు తిప్పింది. ఏజ్ బార్ అన్న మాట ఆమెకు కొత్త కాదు, ఇన్నేళ్లుగా కొడుకు నోట వింటున్నదే. ఏ తల సంగతి అన్నానో విడమరచి చెప్పాల్సిన పని లేకపోయింది.

"ఎన్ని దినాలు దాటింది?"

నలభై ఒకటి అని చెప్పాను. అప్పుడైనా అబద్ధం ఆడొచ్చు. తోచలేదు.

"గంతేనా," అంది.

తర్వాత ఏటవాలుగా వేసిన చెక్క మీదుగా పై అంతస్తుకు ఎక్కిపోయింది. తట్ట అంచు నుంచి దారి పొడుగునా ఇసుక సన్నగా రాలింది. నేను ఆ ఇసుకలో నిలబడి ఉన్నాను. మూడో సూత్రం గురించి ముందే చెప్పాను.

మర్నాడు మధ్యాహ్నం, అన్న కోసం ఎవరో వచ్చారని లైబ్రరీలోకి కబురొచ్చింది. ఇద్దరం బయటికి పోయాం. గేటు పక్కన ఆమె. పని మానుకుని, ఉతికిన చీర కట్టుకుని, తలకు నూనె రాసుకుని వచ్చింది. వకీలు సంగతి ఆమెకు ఎవరూ చెప్పలేదు. సర్కారుతో పని పడితే వేలిముద్ర వేయాలని మాత్రం తెలుసు. సిమెంటులో అరిగిన వేలికి గీతలు సరిగా పడవని పనిలో ఎవరో అన్నారట, బొటనవేలును కొంగుతో రుద్దుకుంటూ నిలబడింది.

"ఏడ వెయ్యాల్నో చెప్పు కొడుకా, ఏస్త. సారు లేకుంటే నేనున్న గద. నేనే వంచిన అని చెప్త."

అన్న నా వైపు చూశాడు. ఒక్కసారే. తర్వాత ఆమె వైపు తిరిగి, బాగా వచ్చిన బిట్‌కు జవాబు చెప్పినట్టు తడుముకోకుండా చెప్పాడు. తమ్మి చెప్పింది పాత సంగతి, సర్కారు వయసు పెంచింది, నిన్ననే ఆర్డర్ వచ్చింది, ఫారం కూడా నింపేశాను అని. ఫోన్ తీసి ఇదిగో ఫారం అని చూపించాడు. నేనున్న చోటికి తెర కనిపిస్తోంది. హాస్టల్ మెస్ వాళ్ల మెసేజ్ అది, సాయంత్రం టమాటా పప్పు అని. ఆమెకు చదవడం రాదు. అయినా చాలాసేపు చూసింది.

చూసి కూడా కదలలేదు. అప్పుడు అన్న కుడిచెయ్యి ఎత్తి, తల మీది నుంచి పోనిచ్చి, ఎడమ చెవి పట్టుకున్నాడు. చెవి మొత్తం పట్టుకున్నా ఇంకా చెయ్యి మిగిలింది.

"సూడు, అందుతున్నది గద. ఇంగ పరేషాన్ ఎందుకమ్మ."

చెవి పట్టుకునేటప్పుడు తల కొంచెం పక్కకు వంచాడు. అవసరం లేదు, అలవాటేమో. ఆమె రెండు చేతులూ ఎత్తి అతని తలను పట్టుకుని, నిలువుగా నిలబెట్టింది.

"ఇట్ల వెట్టి ముట్టుకో," అంది.

ముట్టుకున్నాడు. ఆమె సరేనన్నట్టు తల ఆడించి, బస్సు కోసం రోడ్డు మీదికి నడిచింది. నమ్మిందో లేదో నాకు ఇప్పటికీ తెలీదు. నమ్మిన మనిషి నడిచినట్టే నడిచింది. వెనక గేటులోంచి ఎవరో తల బయటపెట్టి, ఫ్యాన్ కింద సీసాలున్న రెండు కుర్చీలూ ఖాళీయేనా అని అడిగారు.

అన్న తిడతాడని రెండు రోజులు ఎదురుచూశాను. తిడితే అనడానికి ఒక జోకు కూడా సిద్ధం చేసుకున్నాను. మూడో రోజు టీ దగ్గర, రెండో సూత్రం మీద నీ అభ్యంతరం ఇంకా అట్లనే ఉంది, ఏం చేద్దామని అడిగాడు. వాపసు తీసుకున్నాను.

అశోక్ నగర్ గదులు ఖాళీ చేసేవాళ్లు పుస్తకాలు వెంట తీసుకుపోరు, వెనకవాళ్లకు ఇచ్చేస్తారు. అన్న బిట్ బ్యాంకులు గదిలో పంచేసి, ఈ నోట్‌బుక్ నాకిచ్చాడు. ఆ లోకంలో చివరి బిట్ ఇలా ఉంది. నిశ్చితం: తల్లి కొడుకు కాలాన్ని తలకెత్తుకుంది. కారణం: దించడానికి ఆమెకు చోటు లేదు. రెండూ సరైనవేనా, కారణం నిశ్చితాన్ని సరిగా వివరిస్తోందా అన్నది తేల్చాలి. ఇలాంటివి నేను వేలల్లో చేసి ఉంటాను. దీన్ని వదిలేశాను. కీ లేదు, పైగా నెగెటివ్ మార్కులుంటాయేమోనని అనుమానం.

మా గల్లీ చివర అపార్ట్‌మెంట్ పూర్తయింది. ఆమె వేరే సైటుకు పోయింది. మా గేటు ముందు ఇప్పుడు ఇసుక లేదు, ఇంట్లో అందరూ సంతోషంగా ఉన్నారు.

అన్న అశోక్ నగర్‌లోనే ఒక ఇంటర్నెట్ సెంటర్‌లో పనిచేస్తున్నాడు. నోటిఫికేషన్ పడితే అక్కడ వరస కడతారు, అందరి ఫారాలూ అతనే నింపుతాడు. అమ్మకు కంప్యూటర్ ఉద్యోగమని చెప్పాడట. ఆమె ఎస్సై సంగతి మళ్లీ ఎత్తలేదట. ఆమె అడగదు, అతను చెప్పడు, ఆదివారం మాత్రం ఇద్దరూ కలిసి రొట్టెలు తింటారు.

మొన్న ఇంకో నోటిఫికేషన్‌కు నేనూ వరసలో నిలబడ్డాను. పుట్టిన తేదీ గడి దగ్గర అన్న ఎవరినైనా రెండుసార్లు అడుగుతాడు.

"పక్కానా?"

పక్కా అన్నాను. నాది ఆస్పత్రిలో ఇచ్చిన కాగితం. తేదీ ఉంది, గంట ఉంది, నిమిషం కూడా ఉంది. అన్న ఆ నిమిషం దగ్గర కాసేపు ఆగాడు. నాకొక జోకు తోచింది. అనలేదు. అతను తేదీ కొట్టి సబ్మిట్ నొక్కాడు. సైటు తీసుకోలేదు. ఫోటో యాభై కేబీ దాటకూడదు, సంతకం ముప్పై కేబీ దాటకూడదు, రెండూ జేపీజీలోనే ఉండాలి.